మా మరిది ఎత్తుకెళ్లిన కుర్చీ

మా ఇంట్లో ఏ వస్తువు కనబడకపోయినా మంచాల కింద వెతకనక్కరలేదు. మా మరిది ఎక్కడ ప్రదర్శన పెట్టాడో కనుక్కుంటే చాలు.

బొమ్మలు చెక్కుతాడు, జనం మధ్య తానే బొమ్మలా నిలబడతాడు, ఆ నిలబడటాన్ని సినిమా తీస్తాడు. మూడింటికీ సరుకు మాత్రం నా ఇంట్లోదే. నా రోకలి ఒక ఇనుప పక్షికి మెడ అయింది. కొత్త తలుపు తెర కప్పుకుని బజారులో మూడు గంటలు కదలకుండా నిలబడ్డాడు. కుక్కరు మూత సినిమాలో చంద్రుడైంది. ఆ నెలంతా ఉడికీ ఉడకనిదే తిన్నాం.

"అడిగి తీసుకోవచ్చుగా?" అంటే, "అడిగితే వస్తువు బిగుసుకుపోతుంది వదినా, సహజంగా ఉండదు" అనేవాడు.

మా ఆయన పేము కుర్చీలోంచి నవ్వేవారు. "పోనీలేవే, నిన్నెత్తుకెళ్లలేదు, సంతోషించు."

"నన్నెత్తుకెళితే మీకు కాఫీ ఎవరిస్తారు?"

"అందుకే చెప్తున్నా, వంటింట్లో ఎక్కువసేపు ఉండకు."

అలా నవ్విన మనిషి ఒక ఉదయం లేవలేదు. అన్న పోతే తమ్ముడు ఏడవలేదు. అందరూ ఏడుస్తుంటే టేపు తెచ్చి ఆ కుర్చీని అడ్డంగా, నిలువుగా కొలిచాడు. ఇది కూడా ప్రదర్శనకేనా, అనుకున్నాను. పైకి ఏమీ అనలేదు. నాకు అనడం ఎప్పుడొచ్చింది గనక?

ఇరవై ఆరేళ్లు ఆయన కూర్చుని కూర్చుని ఆ కుర్చీ అల్లిక గుంట పడింది. ఎడమ పక్క కాస్త లోతెక్కువ. రేడియో అటుంది కనుక ఆయన అటే ఒరిగేవారు. పరామర్శకొచ్చినవాళ్లు అందులో దిగబడి లేవలేక అవస్థ పడ్డారు.

"ఇదేం కుర్చీయే, నుయ్యిలా ఉంది!" అంది మా అక్క. "గురువారం అల్లేవాణ్ణి రమ్మన్నాను. కొత్త అల్లిక వేయిద్దాం, సరేనా?"

ఆ గుంట తప్ప ఆయనది నాకేం మిగిలిందే, అని నోటిదాకా వచ్చింది. తలూపాను.

బుధవారం మధ్యాహ్నానికి కుర్చీ లేదు.

నేరుగా మరిది బొమ్మలు చెక్కే షెడ్డుకెళ్లాను. పెళ్లైనప్పటి నుంచి గొంతెత్తనిదాన్ని, వీధి చివరికి వినబడేలా అరిచాను. "సిగ్గుందా నీకు? రోకలి తీసుకున్నావు, తెర తీసుకున్నావు. ఆయన కూర్చున్న చోటు కూడా నీ ఆటలకే కావాలా?"

"ముట్టుకోకు వదినా! ఇంకా ఆరలేదు."

కుర్చీ గుంటలో పల్చటి ప్లాస్టిక్ కాగితం పరిచి, నిండా తెల్లటి ప్లాస్టరు పోసి ఉంది. బరువుకి గుంట ఇంకా దిగకుండా కింద ఇటుకలు, ఇటుకల మీద తలగడ. తలగడ నాదే.

"వచ్చినవాళ్లంతా కూర్చుని గుంట మార్చేస్తారని ఆ రోజే కొలిచిపెట్టుకున్నాను. రేపు కొత్త అల్లిక వేసేస్తారుగా, ఈలోపు అచ్చు తీస్తున్నా. మీ అక్కకి నువ్వు తలూపడం చూశాను. నీకు వద్దనడం రాదు, నాకు అడగడం రాదు."

"దీనికేం పేరు పెడతావు?" అన్నాను.

"పెట్టను. ఇది ప్రదర్శనకి కాదు."

అని అటు తిరిగి చాలాసేపు ముక్కు తుడుచుకున్నాడు. నా తెరతోనే.

కుర్చీకి కొత్త అల్లిక పడింది. అచ్చు రేడియో పక్కన ఉంది, ఎడమ వైపు కాస్త లావుగా.

మొన్న అక్క వచ్చి, "ఇదేం బండే? దారికడ్డంగా! తీయించెయ్" అంది.

"తీయను. మా ఆయన కూర్చున్నారు. లేపకు."

నిన్నటి నుంచి నా పెద్ద గరిటె కనబడటం లేదు. నేను వెతకలేదు. బజారుకెళ్లి రెండు కొన్నాను.