ఇవాలు డేరా కింద పాత ఇల్లు

ఇవాలు చేత మాట పడని మనిషి ఉత్తరాన ఉన్న మా మంచు దీవిలో దాదాపు లేడనే చెప్పాలి. పాదిరీగారు పడ్డారు, ఆసుపత్రి నర్సమ్మ పడింది, కొట్టు మేనేజరైతే ఇవాలు వస్తుంటే వెనక గదిలోకి వెళ్లి ఏవో డబ్బాలు సర్దుకునేవాడు. మొగుడు వాల్రస్ వేటకెళ్లి మంచుపలక విరిగి సముద్రంలో పోతే, ఊరంతా పరామర్శకొస్తే, ఆవిడన్న మొదటి మాట, "ఆ పలక మీద కాలెయ్యొద్దని చెప్పాను, విన్నాడా?" తరవాత ఆయన పడవ తనే నడిపింది, ఆయన తుపాకీ తనే పట్టింది, నలుగురు పిల్లల్ని పెంచింది. నోరు మాత్రం తగ్గించలేదు.

ఆ నోరు ఒక్కచోటే ఆగేది, తమ్ముడు కుపాక్ కూతురు ఉలాయుక్ దగ్గర. ఇవాలు వాళ్లమ్మ పేరూ ఉలాయుకే. ఆవిడ పోయిన చలికాలంలోనే ఈ పిల్ల పుడితే ఆ పేరే పెట్టారు. పేరు పెట్టాక ఇంకేముంది, ముసలావిడ తిరిగొచ్చేసినట్టే. డెబ్బైకి దగ్గరపడ్డ ఇవాలు ఆ కుర్రపిల్లని "అమ్మా" అనేది. ముద్దుకి అనే అమ్మా కాదండోయ్, సొంతమ్మని పిలిచినట్టే. ఆ పిల్ల ఈవిణ్ని "బిడ్డా" అనేది. కొట్లో అందరి ముందూ "బిడ్డా, టోపీ ఏదీ?" అంటే, ఇవాలు గబగబా జేబులోంచి టోపీ తీసి పెట్టుకునేది. జనం నవ్వుకునేవాళ్లు, ఆవిడ అటు తిరిగాకే లెండి.

మంచు కరగగానే ఇవాలు వెళ్లి డేరా వేసేది సముద్రంలోకి పొడుచుకొచ్చిన మొనమీద. అక్కడ గులకరాళ్ల గట్లు సముద్రం నుంచి మెట్లుమెట్లుగా పైకి పోతాయి. మధ్య గట్టు మీద గుండ్రంగా పేర్చిన రాళ్లున్నాయి. గాలికి డేరా ఎగిరిపోకుండా అంచు మీద బరువుకి పెట్టే రాళ్లు. అవి వాళ్లమ్మ మోసుకొచ్చి పేర్చినవి. ఆ రాళ్ల మధ్య తప్ప ఇవాలు ఇంకెక్కడా డేరా వేసేది కాదు.

సరిగ్గా ఆ రాళ్ల కిందే తునీత్‌ల ఇల్లుందని తేల్చారు తవ్వకాలవాళ్లు. తునీత్‌లంటే మనకంటే ముందు ఈ నేల మీదున్నవాళ్లు. బండల్లాంటి మనుషులు, వాల్రస్‌ని ఒంటిచేత్తో ఈడ్చుకొచ్చేవాళ్లు, మనవాళ్లని చూస్తే మాత్రం హడలు. దక్షిణాదిన ఉన్న పట్నాల నుంచి ఎర్రగడ్డం ప్రొఫెసరొకాయన, తవ్వే కుర్రాళ్లతో దిగాడు. ఆయన దగ్గర ఈ తవ్వకాల చదువే చదివిన ఉలాయుక్ కూడా దిగింది.

ముందు కుపాక్‌ని రాయబారానికి పంపించారు, ప్రొఫెసర్ని తోడిచ్చి.

"అక్కా, కాస్త పక్కకి జరుగు. చుట్టూ ఖాళీయే కదా."

"నువ్వు జరుగు. సముద్రంలోకి జరుగు."

"ఊరి పెద్దలు ఒప్పుకున్నారే."

"ఎవర్రా పెద్దలు? నువ్వూ, నీతో పేకాడే ఆ ముగ్గురు దొంగలూనా?"

ప్రొఫెసర్ ఏదో అడిగాడు. కుపాక్ మన భాషలో చెప్పాడు. "కింద తునీత్‌ల ఇల్లుందట. వెయ్యేళ్ల పైమాటేనట."

"ఉంటే ఉండనీ. బతికున్నన్నాళ్లూ మనల్ని చూసి పరిగెత్తారు. చచ్చాకైనా పడుకోనీరా పాపం."

"వాళ్లెలా బతికారో తెలుసుకోవాలంటున్నాడు."

"చలిలో బతికారు. రాసుకోమను."

మర్నాడు పొద్దున్నే గాలి ఎటు వీస్తోందో చూసుకుని, ఏడాది కిందట రాళ్లలో పాతి పులియబెట్టిన వాల్రస్ మాంసం తీసి, చుట్టుపక్కల తవ్వుతున్నవాళ్ల మీదికి గాలి పోయేలా కూర్చుని నింపాదిగా తింది ఇవాలు. మనకైతే ఆ వాసనకి నోరూరుతుంది. దక్షిణాది కుర్రాళ్లు మాత్రం పారలు పడేసి ఒడ్డుకి పరిగెత్తి వాంతులు చేసుకున్నారు. ఇవాలు చూసి ఇంకో ముక్క కోసుకుంది.

తవ్వేవాళ్లని తిరిగి తీసుకెళ్లే విమానం వచ్చే రోజు దగ్గరపడింది. అప్పటిదాకా ఈ గొడవలో నోరు విప్పని ఉలాయుక్, తండ్రిని వెంటబెట్టుకుని డేరా దగ్గరికొచ్చింది. ఇవాలు ముఖం విప్పారింది. టీ పోసిచ్చింది.

"అమ్మా, నువ్వైనా చెప్పు వాళ్లకి. ఈ రాళ్లు నువ్వు పెట్టినవేగా."

ఉలాయుక్ టీ ముట్టలేదు. "నేను పెట్టినవే, బిడ్డా. అందుకే నేనే తీస్తాను. లే."

బయట నిలబడ్డ కుపాక్ మొహం మాడిపోయింది. పేరుతో వచ్చిన అమ్మరికాన్ని పని జరిపించుకోడానికి వాడిన మనిషిని మా దీవిలో అంతవరకూ ఎవరూ చూళ్లేదు. అమ్మ లే అంటే లేవాలి. కాదనడానికి ఇవాలుకి దారేదీ? లేచింది. డేరా తనే విప్పింది, తనే చుట్టింది, పడవలో పడేసింది. తమ్ముడు చెయ్యి వెయ్యబోతే కాలితో తోసింది.

"గుర్తులు పెట్టుకుంటున్నా, బిడ్డా. ఒక్కో రాయీ మళ్లీ అక్కడే పెట్టేస్తాను," అంది ఉలాయుక్, మొదటి రాయి ఎత్తుతూ.

ఇవాలు పడవ స్టార్ట్ చేసింది. వెనక్కి చూళ్లేదు.

కింద ఇల్లు నిజంగానే ఉంది. పొయ్యి గూడు, కొవ్వు మసి పట్టిన బండలు, వాల్రస్ దంతంతో చెక్కిన వేలెడంత ఎలుగుబంటి. దాని ఒంటి మీద ఎముకలు కనబడేలా గీతలు కూడా ఉన్నాయి. ఊరంతా హాల్లో గుమిగూడి చూసింది, ఇవాలు తప్ప. అందుకని ఉలాయుక్ ఆ ఎలుగుబంటిని పెట్టెలో పెట్టుకుని, తండ్రితో కలిసి ఆవిడింటికే వెళ్లింది. ఇవాలు నేల మీద కూర్చుని సీల్ తోలు గీకుతోంది.

"బిడ్డా, ఇది చూడు."

ఇవాలు గీకుడు ఆపలేదు. "కుపాక్, నీ కూతురికి మర్యాద నేర్పలేదా? మేనత్త ఇంటికొస్తే అత్తా అని పిలవాలి."

కుపాక్ అక్క పక్కన చతికిలబడ్డాడు.

"అక్కా, తిట్టు, కొట్టు. అది మాత్రం వద్దు," అన్నాడు కుపాక్. "అమ్మా అని పిలిచేవాళ్లు లేకపోతే అమ్మ ఆత్మ చలిలో ఉండిపోతుంది."

"చలిలోకి గెంటింది నేనా? తన రాళ్లు తనే పీక్కునే మనిషి మా అమ్మ కాదు. మా అమ్మైతే ఆ గడ్డంవాణ్ని వాటితోనే కొట్టేది."

ఉలాయుక్ పెట్టె మూసేసింది. "తప్పయిపోయింది, అత్తా," అంది. అన్నాక చెయ్యి నోటికి అడ్డం పెట్టుకుంది.

"ఆ, అదీ వరస," అంది ఇవాలు. ఇక మొదలుపెట్టింది. చదువుని తిట్టింది, జుట్టుని తిట్టింది, దక్షిణాది బూట్లని తిట్టింది. పాతికేళ్లుగా దాచుకున్నవన్నీ ఆ పిల్ల మీదే దులిపేసింది. పక్కింటివాళ్లు గుమ్మంలోకొచ్చి నిలబడ్డారు గానీ, ఈసారి ఎవరూ నవ్వలేదు.

ఆ చలికాలమంతా ఇవాలు నోట అమ్మా అన్న మాట రాలేదు. కుపాక్ మాత్రం కూతుర్ని అలాగే పిలిచేవాడు, అక్క వినకుండా.

మంచు కరిగింది. ఇవాలు మొనకి వెళ్లింది, వెనకే కుపాక్ తన పడవలో. గోతులు పూడ్చేసి ఉన్నాయి. రాళ్లన్నీ గుండ్రంగా, పాత చోట్లలోనే ఉన్నాయి. ఇవాలు చుట్టూ తిరిగి ఒక్కోటీ చూసింది. పట్టుకుందామంటే ఒక్క తప్పు దొరకలేదు. దొరికితే బావుండునన్నట్టు మళ్లీ ఒక చుట్టు తిరిగింది. తరవాత డేరా భుజానేసుకుని దిగువ గట్టుకి పోయి, తడి గులకరాళ్ల మీద, గాలి నేరుగా కొట్టేచోట పరిచింది.

"ఒక్క రాయి కూడా తేడా లేదు కదక్కా," అన్నాడు కుపాక్.

"లేదు."

"మరి?"

"పెట్టినావిడే తీసింది, తీసినావిడే పెట్టింది. ఇక అవి ఆవిడవే, నాకేం పని అక్కడ?" అంది ఇవాలు. డేరా అంచు మోకాలితో నొక్కిపట్టి, బరువుకి కొత్త రాళ్లు ఏరుకోవడం మొదలుపెట్టింది.