ఫిఫితా అత్త రంగు రుచి

ఫిఫితా అత్త ఏ రంగునూ కళ్లతో నమ్మదు. నాకి చూడాల్సిందే. చర్చి కంచెకి కొత్తగా వేసిన నీలం నాకి, ఇందులో సత్తా లేదు, వానకు పోతుందని పాస్టరుగారి మొహం మీదే చెప్పింది. వాన పడింది, రంగు పోయింది, ఇక అత్తను పట్టడం ఎవరి తరమూ కాలేదు. దుకాణంలో పొడిరంగు డబ్బా మూత తీసి నాకి, అక్కడే ఉమ్మేసింది. మసితో చేసిన నలుపు రుచి చూసిన రోజున ఆమె నవ్వితే పక్కింటి పిల్లలు పరుగో పరుగు.

ఇదంతా మూడేళ్లుగా పట్టుకున్న పిచ్చి. తాను నాకి ఊరుకుంటే సరిపోయేది. చెట్టునారను కొట్టి చేసే గుడ్డకు రంగులద్దే ఆడవాళ్లందరూ నాకాలని చట్టం చేసింది. టోంగా దీవుల్లో మేనత్త మాటకు తండ్రే ఎదురు చెప్పడు, మేనకోడలు వైసిని ఎంత? ఆ పిల్ల పెళ్లి నాలుగు రోజుల్లో ఉంది. పెళ్లికొడుకు వాళ్లు కూర్చోవాల్సిన గుడ్డ ఇంకా సగం తెల్లగానే ఉంది.

రంగు కోసం కోకా చెట్టు బెరడు రసం కుండలో కుతకుతమని ఉడుకుతుంటే సముద్రపు గాలికి ఆవిరి కొబ్బరిచెట్ల మధ్య నెమ్మదిగా తేలిపోయేది. పక్కింట్లో నార కొడుతున్న సుత్తుల చప్పుడు జోలపాటలా వినిపించేది. కుండ దగ్గర లోసేలి పెద్దమ్మ కళ్లు అరమోడ్చి, కల కంటున్నట్టు కూర్చునేది. అత్త చిప్పతో రసం తీసి అందరికీ తిప్పేది. నోళ్లు పిడచకట్టుకుపోయేవి. వగరు ఎంతో రంగు అంత, గుడ్డను పట్టుకునేది ఆ వగరే అని ఉపన్యాసం ఇచ్చి, చివరికి చిప్ప లోసేలికిచ్చేది.

"నువ్వేమంటావ్ లోసేలీ?"

లోసేలి చప్పరించి, చాలాసేపు ఆలోచించి, ఇంకా కాలేదనేది. అంతే, ఆ పూటకి పని బంద్.

వైసినికి ఏడుపొచ్చింది. గోధుమరంగు కళ్లముందే నిగనిగలాడుతుంటే ఈ నాకుడేమిటి? మర్నాడు పొద్దున్నే ఒక నారముక్క కుండలో ముంచి ఆరబెట్టింది. పోల్చి చూడటానికి తెల్లముక్క ఒకటి తీసుకుని, అందరూ ఉండగానే రెండూ లోసేలి చేతిలో పెట్టింది.

"పెద్దమ్మా, నువ్వే చూసి చెప్పు. ఈ రంగు చాలదూ?"

లోసేలి ఒక ముక్క తీసి ఎండకేసి పట్టుకుంది. దూరంగా పెట్టి చూసింది, దగ్గరగా పెట్టి చూసింది.

"బాగా ఎక్కిందే తల్లీ," అంది.

ఆమె చేతిలో ఉన్నది తెల్లముక్క.

ఎవరూ ఏమీ అనకముందే ఫిఫితా అత్త దూకి ఆ ముక్క లాక్కుని నోట్లో కుక్కుకుంది. బుగ్గ ఉబ్బించుకుని నములుతూనే, రంగు చూపించమని ఎవరడిగారు, నాకమన్నాగా అంటూ వైసినిని కుండ చుట్టూ తరిమింది. ఆడవాళ్లు పడీ పడీ నవ్వారు. వైసిని నవ్వలేదు. లోసేలి చర్చికి ఒకరి చెయ్యి పట్టుకుని వెళ్లడం మొదలైంది కూడా మూడేళ్ల కిందటే.

ఇంటి వెనక నారపీచు ఉమ్ముకుంటున్న అత్తను పట్టుకుని వైసిని సంగతేమిటని అడిగింది. అత్త కాసేపు దగ్గింది.

"నలభై ఏళ్లు ఆ కుండ దగ్గర కూర్చున్న మనిషే. లేవమంటే ఎక్కడికి పోతుంది? దాని నాలుక దాని కళ్లకంటే గట్టిది. కానీ అదొక్కతే నాకితే జాలిపడతారు. అందరం నాకితే అది పద్ధతవుతుంది."

"మరి నీకు నిజంగా రుచి తెలుస్తుందా అత్తా?"

"నా బొంద. పరమ రోత."

"కంచె రంగు?"

"పాస్టరుగారు చవకరకం కొన్నాడని అంతకు ముందే విన్నాను."

వైసిని కుండ దగ్గరికి తిరిగి వెళ్లింది. అందరికంటే ముందు చిప్ప అందుకుని ఒక్క గుటక వేసింది. నాలుక మొద్దుబారి, కళ్లలో నీళ్లు తిరిగాయి. పెళ్లి ఇక మూడే రోజులు.

"నాకేం తెలియట్లేదు పెద్దమ్మా. నువ్వే చెప్పాలి."

లోసేలి చప్పరించింది. ఆవిరిలో మొహం పైకెత్తి, ఎక్కడో దూరంగా ఏదో వింటున్నట్టు కూర్చుంది.

"ఇంకో పొంగు రావాలే," అంది.

వైసిని కట్టెలు తేవడానికి లేచింది.