యాడ్స్ వస్తున్నాయి

వెయిటింగ్ రూమ్‌లో సౌండ్ పెట్టి సీరియల్ చూసేవాళ్లంటే నాకు చిరాకు. చాండ్లర్ ఊళ్లోని ఆసుపత్రిలో నా పక్కన కూర్చున్న తెలుగావిడ ఫోన్‌లో కొరియన్ డ్రామా చూస్తోంది. లోపల ఆవిడ భర్తకు గుండె ఆపరేషన్ జరుగుతోందట. నా చూపు గమనించి ఫోన్ నా వైపు వంచింది.

"ఈ డాక్టర్ స్పై అండి. లవ్ చేసిన అమ్మాయికే సర్జరీ చేస్తున్నాడు. బయట విలన్లు గన్స్‌తో వెయిట్ చేస్తున్నారు. అయినా ఇతని చేతిలో పేషెంట్ ఎవరూ పోరు."

అంతలో నర్సు వచ్చి ఆవిడను పక్క గదిలోకి పిలిచింది.

"పాజ్ చేయకండి. ఏమైందో చూసి చెప్పండి," అని ఫోన్ నా చేతిలో పెట్టి వెళ్లింది.

తెరమీద అమ్మాయి కళ్లు తెరిచింది.

ఆవిడ తిరిగొచ్చినప్పుడు చేతిలో ప్లాస్టిక్ సంచి ఉంది. అందులో ఆయన కళ్లజోడు, ఉంగరం. ఇక నేను అడగాల్సిందేమీ లేదు. నా పక్కన కూర్చుని ఆవిడే అడిగింది.

"ఏమైందండి, బతికిందా?"

ఫోన్ ఒళ్లో బోర్లించాను.

"ఇంకా యాడ్స్ వస్తున్నాయండి."