నేనే తీశానండి

2004లో తెనాలిలో ఇంటర్ చదువుతూ అమ్మ కుట్టుపనికి సాయం చేసేదాన్ని. కొత్త జాకెట్టు తొడుక్కుని చూసుకుంటున్న ఒకావిడ గొలుసు హుక్కుకి చిక్కుకుంటే, మెడలోంచి తీసి, జాకెట్టు మడతలో పెట్టి ఇచ్చాను. మర్నాడు గొలుసు పోయిందని ఆవిడ ఫిర్యాదు చేస్తే, నన్నూ అమ్మనీ పోలీస్ స్టేషన్‌కి పిలిపించారు.

“గొలుసు నువ్వే తీశావా?” అన్నారు ఎస్సైగారు.

“నేనే తీశానండి.”

ఆయన రాసుకోవడం మొదలుపెట్టాక గానీ నేనేం ఒప్పుకున్నానో నాకు అర్థం కాలేదు.

“మెడలోంచి తీసి ఇచ్చానంటోంది సార్. ఆ జాకెట్టు తెప్పించండి,” అంది అమ్మ.

“దులిపి చూశానమ్మా, లేదు,” అందావిడ.

“కుట్టింది నేను. లైనింగు సందులోకి జారిందేమో, విప్పి చూస్తానండి.”

జాకెట్టు వచ్చేదాకా అమ్మ అక్కణ్ణుంచి కదల్లేదు. కుట్లు ఒక్కొక్కటే విప్పుతుంటే కళ్లు మూసుకున్నాను. బల్ల మీద గొలుసు పడిన చప్పుడుకి తెరిచాను.

ఇప్పటికీ ఇంట్లో ఎవరైనా “తలుపెవరు తీశారు?” అంటే, “నేనే” అనడానికి నాకు నోరు రాదు.