రీలు విప్పిన చేతులు

గోదావరిఖనిలో మేమంతా ఆపరేటర్ కాక అని పిలుచుకున్న పెద్దమనిషి మొన్న సోమవారం ఉదయం దవాఖానలో కన్నుమూశారు. గని కాలనీల్లో తెర కట్టి కార్మికులకు సినిమాలు చూపించడం ఆయన ఉద్యోగం. ఆయనను తలచుకుంటే నేను ముందుగా ఒప్పుకోవలసింది నా తప్పు.

వయసులో ఉన్నప్పుడు ఆయన ఎవరిదో కెమెరా అడిగి తెచ్చి, మొదటి షిఫ్టు ముగించి పైకి వస్తున్న కార్మికులను ఒక రీలు తీశారు. ఆ గని ఇప్పుడు లేదు, పైనుంచి తవ్వే ఓపెన్‌కాస్టు గనిలో కలిసిపోయింది. ఆ రీలులో మా తండ్రిగారున్నారు. వారు నడుస్తుండగా తీసిన బొమ్మ మరెక్కడా లేదు.

రాత్రి కాలేజీలో చదివి పట్టా పొందిన నేను ల్యాంప్ రూము ఇన్‌చార్జినయ్యాను. గనిలోకి దిగేవారి టోపీ దీపాలకు ఛార్జింగ్ పెట్టే గది అది. రీలును నా అలమారలో భద్రపరుస్తానన్నాను.

“ఇంట్లనే ఉండనియ్యి బిడ్డా. దానికి సల్లగుండాలె.”

“నీది రేకుల ఇల్లు కాకా, వానకు కురుస్తది. మా రూము ఏడాదంతా పొడిగుంటది.”

“డిగ్రీ సదివినోనివి, నీతోని నేనేడ గెలుస్త!” అని నవ్వి ఇచ్చేశారు.

నిరుడు హైదరాబాదు నుంచి ఒక దర్శకురాలు, గని జీవితంపై తీస్తున్న కొత్త చిత్రానికి ఆ రీలు కావాలని వచ్చారు. డబ్బా మూత తీయగానే ఘాటైన పులుపు వాసన వచ్చింది. బ్యాటరీల వేడి, యాసిడ్ ఆవిరి ఏళ్ల తరబడి ఫిల్మును తినేశాయి. ఆమె దాన్ని ప్రొజెక్టరు యంత్రానికి ఎక్కించారు. చప్పుడు వినగానే పక్కనున్న కాక కేకవేశారు.

“ఆపమ్మా! ఫిల్ము ముడుసుకపోయింది. అంచు బెజ్జాలు మిషను పండ్లకు అందుతలేవు, చీరుకపోతది!”

“ఇన్నాళ్లూ ఎక్కడ దాచారు?” అని ఆమె అడిగారు.

“నేనే దాసిన తల్లీ. సోయి లేకపాయె,” అన్నారు కాక.

మూడు రోజులు ఆయన ఆ రీలును చేత్తోనే పొర పొరగా విప్పారు. కొస పట్టుకున్న నాతో, “ఊపిరి మెల్లగ ఇడువు,” అనేవారు. ఒకచోట రెండు పొరలు అంటుకుపోయి ఉన్నాయి. గోటితో, తడిగుడ్డతో, ఒక పూటంతా ప్రయత్నించారు. పొర విడిపోయింది, బొమ్మ ఊడిపోయింది. అది మా తండ్రిగారు ముఖమెత్తే చోటు.

మిగిలినదాన్ని నగరంలో ఒక్కొక్క బొమ్మగా కంప్యూటరులోకి ఎక్కించారు. ఖాళీలో మా తండ్రిగారి ఫొటో పెట్టి కదిలినట్టు చేయగలమని దర్శకురాలు అన్నారు. నేను తలూపాను.

“వద్దు బిడ్డా,” అన్నారు కాక. “పోయినకాడ చీకటే ఉండనియ్యి. లేనిది అతికిస్తే, ఉన్నదాన్ని గూడ ఎవలు నమ్మరు.”

“పోయింది నీ నాయిన కాదు కదా!” అన్నాను. ఆ రీలును చెడగొట్టింది ఎవరో ఆ గదిలో మా ఇద్దరికే తెలుసు. మరునాడు నేనే దర్శకురాలికి ఫోను చేసి, చీకటే ఉంచమన్నాను.

కాక దహనమైన మరునాడు, దర్శకురాలు పంపిన ఆ భాగాన్ని కాక భార్య చిన్నమ్మ పక్కన కూర్చొని చూశాను. మా తండ్రిగారు వంచిన తలతో నడిచి వస్తారు. ఎండకు చేయి అడ్డం పెట్టుకోబోతారు. చీకటి. తిరిగి వెలుతురు వచ్చేసరికి ఆ చోట ఎవరూ ఉండరు. గోడకు వరుసగా ఆనించిన సైకిళ్లపై ఎండ పడుతూ ఉంటుంది.