లక్ష్మమ్మ ఆగిన చోటు

కరోనా తర్వాత మా నగర ఉత్సవం మళ్లీ మొదలైన ఏడాది సంగతి ఇది. సంగీతం, సినిమా, టెక్నాలజీ మూడూ కలిపి ఏటా జరిగే ఆ ఉత్సవంలో నేను సౌండ్ ఇంజనీర్‌ని. ఆ ఏడు ఒక వేదిక పాతబస్తీకి వచ్చింది. లాడ్ బజార్ వెనక, నవాబుల కాలంనాటి ఓ దేవిడీ భవంతి ముంగిట్లో.

గౌలిపుర నుంచి లక్ష్మమ్మ, మరో నలుగురు ఆడవాళ్లు అక్కడ పెళ్లిపాటలు పాడాలి. వాళ్ల గొంతులను బట్టి వెనక గోడ మీద బొమ్మలు కదిలేలా హరీశ్ అనే డిజైనర్ ప్రోగ్రాం రాశాడు. ఒక్కో గొంతుకు ఒక్కో రంగు. అందుకే ఒక్కొక్కరికీ ఒక్కో మైకు పెట్టి వరసగా నిలబెట్టాం.

సౌండ్‌చెక్ అంటే జనం రాకముందే మైకులు, స్పీకర్లు సరిచూసుకోవడం. లక్ష్మమ్మ పాట ఎత్తుకుంది. సగంలో ఆగిపోయింది. మళ్లీ ఎత్తుకుంది, మళ్లీ ఆగింది. మైకు మార్చాను, కేబుల్ మార్చాను. అదే వరస.

“భయపడుతున్నట్టుంది మేడం,” అన్నాడు హరీశ్. “రిహార్సల్ రికార్డింగ్ ఉంది కదా, అదే వేద్దాం. వాళ్లు పెదాలు ఆడిస్తే చాలు.”

ఆ మాట లక్ష్మమ్మ చెవిన పడింది. “నోరు ఆడిచ్చుడా? గట్లయితే మేం ఇంటికి పోతం బిడ్డా.”

పక్కవాళ్లు అప్పుడే చెప్పులు వెతుక్కుంటున్నారు.

నాకు మాత్రం ఆమె ముఖంలో భయం కనిపించలేదు. ఆగిన ప్రతిసారీ, ఎవరికో అవకాశం ఇస్తున్నట్టు తల కాస్త పక్కకు వంచుతోంది. అదేమిటో తెలుసుకోవాలనిపించి వేదికెక్కాను.

“ఎందుకు ఆపుతున్నవ్ అమ్మా?”

“ఆమె కూడ ఎత్తుకుంటుంది గద. పెళ్లింట్ల వేరేటామె అందుకుంటే మనం ఆగాలె. లేకుంటే పాట లొల్లి లొల్లి అయితది.”

“ఎవరామె?”

లక్ష్మమ్మ ఎదుటి గోడ వైపు చెయ్యి చూపించింది.

ఆమె మైకులో “ఓ” అన్నాను. క్షణం ఆలస్యంగా ఆ గోడ నుంచి నా గొంతు నాకే తిరిగొచ్చింది. దీన్ని మేం స్లాప్‌బ్యాక్ అంటాం. నేను కూర్చునే సౌండ్ మిక్సర్ ఆ గోడను ఆనుకునే ఉండటంతో అక్కడ నాకు తేడా తెలియలేదు.

“వేరే ఎవరూ లేరమ్మా. నీ గొంతే గోడకు తగిలి మళ్లొస్తుంది.”

ఆమె నమ్మలేదు. ఒక ముక్క పాడి, చెవి ఒగ్గి విన్నది.

“నాదా? గింత ముసలిదయిందా నా గొంతు?” అంది మెల్లగా. తర్వాత నవ్వింది. “అచ్చం మా అమ్మ లెక్కనే ఉంది.”

ఇంకోసారి పాడి విన్నది. మేమెవరమూ తొందరపెట్టలేదు.

స్పీకర్లను కిందికి వంచి, ఆ గోడకు షామియానా గుడ్డలు కట్టించాను. ఇంట్లో ఎలా పాడతారో చూపించమంటే ఐదుగురూ గుండ్రంగా కూర్చున్నారు. మైకులన్నీ తీసేసి, నడుమ పైనుంచి ఒక్కటే వేలాడదీశాను. రంగులు విడివిడిగా రావని హరీశ్ నొచ్చుకున్నాడు. అయినా కూర్చుని ప్రోగ్రాం మార్చాడు.

పొద్దు వాలాక పాట మొదలైంది. గాజుల బేరం ముగించుకుని వెళ్తున్న ఆడవాళ్లు గేటు దగ్గర ఆగి, లోపలికొచ్చి కూర్చున్నారు. ఐదు గొంతులకూ కలిపి ఒకే పసుపు రంగు వాళ్ల వెనక గోడంతా పాకింది. హరీశ్ లాప్‌టాప్ వదిలేసి చప్పట్లు కొడుతూ కనిపించాడు.

ఇప్పుడు ఏ వేదికకు వెళ్లినా, మైకు తెరవకముందే కళాకారుల మధ్య చాప మీద కూర్చుంటాను. ఒకసారి వాళ్లకోసం వాళ్లు పాడుకోమంటాను. ఎవరు ఎవరిని వింటున్నారో తెలిస్తే, మిగతా పని నా చేతిలోదే.