గౌను కాలరు మీద పోస్టు ముద్ర

మా పిన్ని కూతురు దర్జీ. ముప్పై ఏళ్లుగా ఇంటి ముందుగదిలో రెండు మిషన్లు వేసుకుని పిల్లల బట్టలు కుడుతోంది. వీధిలో అందరికీ కత్తెరమ్మ. చేతికందిన ప్రతి కాగితాన్నీ నమూనాగా కత్తిరించేస్తుంది. కరెంటు బిల్లు ఆమెకు జేబు, పెళ్లిపత్రిక భుజం. ఒక్క రసీదూ పారేయని నాకు ఆ ఇంటికి వెళ్లడమంటే ప్రాణసంకటం.

భర్త వైద్యానికని ఆ ఇంటిని బ్యాంకుకు తనఖా పెట్టింది. ఆయన దక్కలేదు; వాయిదాలు ఆగిపోయాయి. అరవై రోజుల్లో బకాయి తీర్చకుంటే ఇల్లు స్వాధీనం చేసుకుంటామని నోటీసు వచ్చింది. దాన్ని తెచ్చి నా ఫైలులో భద్రపరిచాను. అది అందిన ముప్పై ఎనిమిదో రోజునే బ్యాంకువారు వచ్చి ముందుగదికి సీలు వేశారు. నేను వెళ్లేసరికి ఆమె మెట్ల మీద కూర్చుని కాజాలు కుడుతోంది.

"మిషన్లు లోపలే ఉండిపోయాయి అన్నయ్యా. చేత్తో ఎన్నని కుట్టను?"

నాకు ఒళ్లు మండిపోయింది. తామిచ్చిన గడువును తామే మింగేయడం ఏ న్యాయం? స్వాధీనం జరిగిన నలభై అయిదు రోజుల్లోగా ట్రిబ్యునల్‌కు వెళ్లే హక్కు అప్పు తీసుకున్నవారికి ఉంది. సీలు చూడగానే అంతా అయిపోయిందనుకుని చాలామంది ఆ హక్కును వదులుకుంటారు. మరునాడే దరఖాస్తు వేయించాను.

బ్యాంకు వకీలు నోటీసు మీది తేదీ చూపించి, అరవై మూడు రోజులు గడిచాయన్నాడు. అది ఎప్పుడు అందిందో తెలిపే రసీదు అడిగితే, దొరకడం లేదన్నాడు. విచారణ వాయిదా పడగానే ఆమె ఇంటికి పరుగెత్తాను.

"నోటీసు వచ్చిన కవరేదమ్మా?"

"కత్తిరించేశాను."

"దస్తావేజూ దారప్పోగూ నీకు ఒకటేనా?"

"అరవకు అన్నయ్యా. నువ్వు మాత్రం నోటీసు తీసుకుని కవరు ఇక్కడే వదిలి పోలేదూ? నేనేం పారేయలేదు."

ఆమె కుట్టుసంచిలోంచి గులాబీరంగు గుడ్డ తీసింది. దానికి గుండుసూదులతో గుచ్చిన కాలరు నమూనా ఉంది. దాని మీద బ్యాంకు పేరు, రిజిస్టరు నంబరు, నడిమధ్యన నిండుగా, కవరు అందిన రోజున ఇక్కడి పోస్టాఫీసు వేసిన ముద్ర: నోటీసు తేదీకి ఇరవై అయిదు రోజుల తరువాతిది.

విచారణలో న్యాయాధికారి దాన్ని అటూ ఇటూ తిప్పి చూశారు.

"ఇదేమిటమ్మా?"

"ఏడేళ్ల పిల్ల గౌను కాలరండీ."

గదంతా నవ్వింది. ఆయన కళ్లద్దాలు సవరించుకుని తేదీ పైకి చదివారు. గడువు ముగియకుండా చేసిన స్వాధీనం చెల్లదని, సీలు తీయాలని ఉత్తర్వు ఇచ్చారు. అప్పు అలాగే ఉంది, కానీ గడువు తిరిగొచ్చింది. ఆ గడువులోనే కొత్త వాయిదాలకు బ్యాంకు ఒప్పుకుంది.

మిషను మళ్లీ మోగిన రోజున వెళ్లాను. ఆమెకు ఒకటే బెంగ.

"నా కాలరు ఎప్పుడిస్తారు? ఆ పిల్ల పెరిగిపోతోంది అన్నయ్యా."

"అది ఇక కోర్టు ఫైలులోనే ఉంటుందమ్మా."

దాని ధ్రువీకరించిన నకలు, అచ్చం అదే కొలతలో, నా సంచిలో ఉంది. నా ఫైలు కోసమే తీసుకున్నది. కాసేపు తటపటాయించి ఆమె ముందు పెట్టాను.

"కత్తిరించనా? నిజంగానా?"

"కానివ్వు. కోర్టు ముద్ర జోలికి మాత్రం పోకు."